సామిబుక్కు పట్టిన చేతులు

మా చెల్లెలు నోరు తెరిస్తే జనం చేతిలో పని ఆపి వింటారు. ఇది మెచ్చుకోలు కాదు, ఫిర్యాదు. చిన్నప్పటినుంచీ ఎవరికి చెప్పుకోవాలో తెలియక కడుపులో దాచుకున్న ఫిర్యాదు. నాకంటే రెండేళ్ళు చిన్నది. అది కోవిల్‌పట్టిలో బట్టలు కుడుతుంది, నేను విరుదునగర్‌లో ఒక పప్పు మిల్లులో పనిచేస్తాను. దాని మీద నాకు ప్రేమ లేదని కాదు, ఉంది. కానీ ప్రేమా కుళ్ళూ ఒకే గిన్నెలో ఉడికితే దేన్నీ విడిగా వడ్డించుకోలేమని అక్కచెల్లెళ్ళున్న వాళ్ళకు చెప్పనక్కర్లేదు.

మా ఇంట్లో తెలుగు మాట్లాడతాం, గడప దాటితే తమిళం. బడిలో చదివిందీ తమిళమే. ఈ తెలుగు అక్షరాలు నేను పెద్దయ్యాక నేర్చుకున్నాను. ముందు మిల్లుకు ఆంధ్రా నుంచి వచ్చే మినుముల బస్తాల మీద చూసి కూడబలుక్కున్నాను. తర్వాత మాతో కొన్నాళ్ళు పనిచేసిన ఒక గుంటూరు ఆమె దగ్గర కూర్చుని సరిగ్గా నేర్చుకున్నాను, ఆమె వదిలిపోయిన పత్రికలూ పుస్తకాలూ ఏళ్ళ తరబడి చదివాను. మా చెల్లెలికి ఈ అక్షరాలు రావు. అందుకే ఇంత ధైర్యంగా రాస్తున్నాను.

మా ఊరు కోవిల్‌పట్టికి దగ్గరే. నల్లరేగడి నేల. వాన పడితే పత్తి, జొన్న. పడకపోతే అగ్గిపుల్లలు. కంపెనీ వాళ్ళు ఇళ్ళకే పని ఇచ్చేవాళ్ళు. గాడులు కోసిన చెక్కపట్టీల మీద ఒక్కో గాడిలో ఒక్కో పుల్ల పెట్టుకుంటూ పోవాలి. పట్టీ మీద పట్టీ పేర్చి చట్రం బిగిస్తే, వాళ్ళు తీసుకెళ్ళి పుల్లల కొసలు మందులో ముంచుతారు. బడి వదిలాక మా వీధి ఆడపిల్లలమూ ఆడవాళ్ళూ మా అరుగు మీద చేరేవాళ్ళం. చేతులు ఊరికే ఉండవు కాబట్టి చెవులకు ఏదో ఒకటి కావాలి. అందుకే కథలు.

కథ చెప్పేవాళ్ళకు మాలో ఒక కట్టుబాటు ఉండేది. వాళ్ళు పుల్ల ముట్టకూడదు. ధ్యాస మాట మీద ఉంటే గాడులు ఖాళీగా మిగిలిపోతాయి, కంపెనీ వాళ్ళు ఆ చట్రాన్ని వెనక్కి పంపేస్తారు. అందుకని కథ చెప్పేవాళ్ళ చట్రాన్ని కుడిపక్కన కూర్చున్నవాళ్ళు నింపాలి. మా చెల్లెలి కుడిపక్క ఎప్పుడూ నేనే. మా అమ్మ అక్కడ కూర్చోబెట్టింది. నా చేతులు చురుకైనవని అనేది. చేతులు చురుకు అనేది పొగడ్త అనుకుని చాలా రోజులు మోసపోయాను.

సామిబుక్కు పుట్టింది ఆ అరుగు మీదే. ఎండాకాలంలో రేగడి నేల పగుళ్ళిస్తుంది, మోచేయి దాకా చెయ్యి పడుతుంది. అలాంటి పగులులోంచి ఒక పిల్లకు ఒక పుస్తకం దొరికిందని మా చెల్లెలు మొదలుపెట్టింది. మేఘాలకు దారి మరిచిపోయిన ఒక దేశం. అక్కడ కొండలు కూడా దాహంతో దగ్గుతాయి. ఆ దేశానికి దేవుడిచ్చిన పుస్తకం అది, అందుకే సామిబుక్కు. స్నానం చేయకుండా ముట్టకూడదు, నేల మీద పెట్టకూడదు, అందులోని మంత్రం ఏ ఊళ్ళోనైనా ఒక్కసారే పనిచేస్తుంది. మంత్రాలు ఏ భాషలో ఉండాలో మా చెల్లెలికి తెలియలేదు. అప్పుడే లోపల అన్నం పొంగింది, మా అమ్మ పెద్దమ్మాయి మీద, అంటే నా మీద, ఎప్పటిలాగే అరిచింది.

"పొంగొస్తా ఉండాది, మూత తియ్యి! ఊదొద్దు, మూత తియ్యి!"

నేను పరిగెత్తి మూత తీసి వచ్చేసరికి మా చెల్లెలు ఆ మాటలతోనే పొంగుతున్న సముద్రాన్ని ఆపేసింది. "పొంగొస్తా ఉండాది, మూత తియ్యి" అనగానే కెరటాలు పడుకున్నాయట. అరుగంతా నవ్వు. నా వేళ్ళు మాత్రం కాలాయి.

ఒకరోజు అందరూ దాని మాటల్లో మునిగి ఉన్నారు. పక్కింటి అవ్వ "అదేం వాయి తల్లా, తేనె పూసినట్టు" అని దాని నోటిని మెచ్చుకుని బుగ్గలు పుణికింది. నా ఒడిలో నా చట్రం, దాని మీద చెల్లెలి చట్రం. నాకు కళ్ళలో కారం కొట్టినట్టయింది. ఏం చెబుతున్నానో తెలియకుండానే అడ్డం పడ్డాను.

"ఆ బుక్కు ఒక్కదానికే తెరుచుకోదు. ఒకరు పట్టాల, ఇంగొకరు చదవాల. పట్టినోళ్ళకి అక్షరం కనపడదు. చదివినోళ్ళకి బరువు తెలీదు."

అందరూ ఆగిపోయారు. మా చెల్లెలు కూడా నోరు మూసుకుని నా వైపు చూసింది. మా అమ్మ పట్టీ పక్కన పెట్టి "ఇది బాగుండాదే" అంది. నాకప్పుడు పదమూడేళ్ళు. ఆ తర్వాత నాకు పెళ్ళయింది, పిల్లలు పుట్టారు, మా అమ్మ పోయింది. "ఇది బాగుండాదే" అన్న ముక్క మాత్రం ఇంకా చెవిలో అట్లాగే ఉంది. సామిబుక్కులో నాది అంటూ ఉన్నది ఆ ఒక్క నియమమే. మా చెల్లెలు మర్నాడే ఆ పిల్లకు తోడుగా పుస్తకం పట్టే మనిషిని పెట్టింది. పేరు పెట్టలేదు, పట్టినామె అనేది. మంత్రం ఎంత పెద్దదైతే పుస్తకం అంత బరువెక్కేది, పట్టినామె మోకాళ్ళు వణికేవి.

పదో తరగతితో నా బడి అయిపోయింది. ఇంట్లో చట్రాలు ఎక్కువ, చేతులు తక్కువ. అది మాత్రం చదివింది, మాటల పోటీలకు వెళ్ళింది, స్టీలు గిన్నెలు గెలుచుకొచ్చింది. ఆ గిన్నెలు తోమింది నేను.

ఫోన్‌లో కథలు వినిపించే ఒక యాప్‌లో అది కథ చెబుతోందని రెండేళ్ళ క్రితం నాకు చెప్పింది. వింటానన్నాను, వినలేదు. తీరిక లేక కాదు, వినకూడదనే. కానీ తప్పించుకోలేకపోయాను. మిల్లులో పప్పు ఏరే చోట నా పక్కన కూర్చునే ఆమె ఒకతి ఉంది. మంచి మనిషి, తమిళం తప్ప వేరే రాదు. ఆమె మాటలు నేనిక్కడ తెలుగులో పెడుతున్నాను. ఒక మధ్యాహ్నం అన్నం తింటూ ఫోన్ మధ్యలో పెట్టి, "వినక్కా, ఈ కథ వినకపోతే నాకు ముద్ద దిగదు" అంది. మీట నొక్కగానే మా చెల్లెలి గొంతు.

చుట్టూ పదిమంది ఆడవాళ్ళు డబ్బాలు తెరిచి నోళ్ళు మూసుకున్నారు. కథ తమిళంలో ఉంది, మంత్రాలు మాత్రం మా ఇంటి తెలుగులో. "పొంగొస్తా ఉండాది, మూత తియ్యి" అని మా చెల్లెలు గొంతు తగ్గించి పలికితే పక్కనామె చేతి మీద రోమాలు లేచాయి. "ఏ కాలంనాటి భాషో! ఎక్కడ పట్టిందో ఈ తల్లి!" అంది. అది మా అమ్మ అన్నం కుండ దగ్గర అరిచిన అరుపు అని నేను చెప్పలేదు. ఆ గొంతు నా చెల్లెలిదనీ చెప్పలేదు. చెబితే ఆ పదిమందీ నన్ను దాని అక్కగా చూస్తారు. ఇన్నేళ్ళకు దాని అక్కను కాకుండా బతికే చోటు నాకు ఆ మిల్లు ఒక్కటే.

అంతవరకూ ఓర్చుకున్నాను. తర్వాత వచ్చిన మాట మాత్రం ఓర్చుకోలేకపోయాను. ఆ పిల్ల గుహలోకి ఒంటరిగా వెళ్ళింది. సామిబుక్కును ఒక రాతిపీట మీద పెట్టింది. అక్షరాలు వాటంతట అవే లేచాయి. ఆమె చదివింది.

రాతిపీట! పట్టినామె లేదు. ముందేమైనా ఉందేమోనని ఆ సాయంత్రం ఇంటికి పోయి మొదటినుంచీ అన్నీ విన్నాను. ఎక్కడా లేదు. నేను చేసిన నియమాన్ని, మా అమ్మ బాగుందన్న ఒకే ఒక్క మాటను, బియ్యంలో మట్టిగడ్డ ఏరినట్టు ఏరి పారేసింది. సొమ్మొకరిది సోకొకరిది అంటారు. సోకు దానికెప్పుడూ ఉంది, నేనేమీ అనలేదు. సొమ్ములో నా పిసరంత వాటా కూడా ఉంచలేదే!

మా అమ్మాయి పాత ఫోన్‌లో ఒక ఖాతా తెరిచాను. గులాబీ పువ్వు బొమ్మ, ఎవరిదీ కాని పేరు. కథ కింద తమిళంలో రాశాను. 'అంత గొప్ప పుస్తకం రాతి మీద ఎలా తెరుచుకుంటుంది? ఎవరో పట్టుకుని ఉండాలి కదా? ఆమె ఏది?' పంపాక హాయిగా ఉంది. వారం వారం కొత్త భాగం రాగానే మళ్ళీ రాసేదాన్ని. నాలుగో వారానికి ఇంకొందరు అందుకున్నారు. అవును, పట్టేదెవరు అని ఒకరు. కథలో చిల్లు ఉందని ఒకరు. నేను పప్పు ఏరుతూ లోలోపల నవ్వుకునేదాన్ని.

ఆదివారం మా చెల్లెలు ఫోన్ చేసింది. "అక్కా, ఎవరో ఒకామె విడవకుండా అడగతా ఉండాది, బుక్కు ఎవరు పట్టేదని. అందరూ అదే పాట పాడతా ఉండారు. రొంబ కష్టంగా ఉండాదక్కా."

"ఊళ్ళో వాళ్ళకేమి, నోరుండాది, అంటారు. నువ్వు మనసులో పెట్టుకోవద్దు" అన్నాను. ఎంత మెత్తగా అన్నానో! ఆ మెత్తదనం తలుచుకుంటే ఇప్పుడు నా ఒళ్ళు నాకే జలదరిస్తుంది. అప్పుడు మాత్రం ఫోన్ పెట్టేసి కమ్మగా కాఫీ కలుపుకుని తాగాను.

చివరికి మరీ దారుణమైనది రాశాను. 'ఇది నీ కథ కాదు. మాట చేతకాని దాని దగ్గర దొంగిలించావు.' రాసింది చాలలేదు. కోపంలో దాని కింద మా మాటల్లోనే, తమిళ అక్షరాలతో, 'పట్టినోళ్ళకి అక్షరం కనపడదు, చదివినోళ్ళకి బరువు తెలీదు' అని కూడా పెట్టాను. ముసుగు వేసుకుని దొంగతనానికి వెళ్ళి తన ఇంటిపేరు అరిచినట్టయింది. కానీ నాకు తోచనేలేదు. పుట్టినప్పటినుంచీ నోట్లో ఉన్న మాట బయటివాళ్ళకు మంత్రమని ఎలా గుర్తుంటుంది? వినేవాళ్ళు ముచ్చటపడిపోయారు. ఈ అభిమాని ఎవరో మంత్రభాష కూడా నేర్చేసుకుందని దండాలు పెట్టారు. నేను ఆ దండాలు చూసి కూడా బయటపడిపోయానని తెలుసుకోలేదు.

ఆ తర్వాత కథ ఆగిపోయింది. ఒక వారం, రెండు, మూడు. మిల్లులో పక్కనామె మధ్యాహ్నాలు ఫోన్ తెరిచి, ఏమీ లేదని మూసి, అన్నం కెలికేది. "ఎవరో పాపిష్టిది ఏదో రాసిందక్కా, ఆమె మనసు విరిగిపోయింది" అంది. నేను తల వంచుకుని పప్పులో రాళ్ళు వెతికాను. మా చెల్లెలు నాకు ఫోన్ చేయడం కూడా మానేసింది. గెలిచానని అనుకోవాలి కదా, ఎందుకో అనిపించలేదు. దాని గొంతు వినపడకపోతే నాకు దేని మీద కోపం తెచ్చుకోవాలో కూడా తెలియలేదు.

నాలుగో ఆదివారం పొద్దున్నే రైలెక్కాను. సాత్తూరు దాటాక కిటికీ పక్కన నల్లనేల, ముళ్ళతుమ్మలు. ఏం చెప్పాలో దారంతా కూర్చుకున్నాను. ఒప్పుకోవడానికి పోవడం లేదు, పలకరించడానికి పోతున్నానని నాకు నేనే చెప్పుకున్నాను.

మా చెల్లెలు వాకిట్లో చాప మీద కూర్చుని జాకెట్లకు హుక్కులు కుడుతోంది. నన్ను చూసి లేవలేదు. "రాక్కా, కూచో" అని చాప మీద పక్కకు జరిగింది. మంచినీళ్ళు తాగాక నేను మొదలుపెట్టాను.

"ఏమే, కత చెప్పేది నిలిపేసినావంట?"

"అవును."

"ఎవరో ఏమో రాస్తే నిలిపేస్తారా?"

అది దారం పళ్ళతో కొరికి, సూది చాపకు గుచ్చి, నా ముఖంలోకి చూసింది. "ఎవరో రాసుంటే నిలపనక్కా."

నేను ఖాళీ గ్లాసు మళ్ళీ ఎత్తాను.

"మొదటి దినమే తెలిసింది నాకు. బుక్కు పట్టేవాళ్ళు ఉండారని ఇన్నేళ్ళయినాక మనిద్దరికి తప్ప ఎవరికి గుర్తుంటాది? ఆమీద నువ్వు మన మాటే రాసి పెడితివి."

"తెలిసీ నాకు ఫోన్ చేసి కష్టంగా ఉండాదంటివే?"

"నువ్వు చెప్తావేమోనని. ఇట్ల బాధగా ఉండాది పిల్లా, నన్ను తీసేస్తివి ఎందుకని ఒక మాట అడగతావేమోనని. అడగలేదు. శరి, అడగకపోతే పోనీ, ఇన్నేళ్ళకి మా అక్క నా కత వింటా ఉండాది కదా అని సంతోషమే పడితి. వారం వారం మొదట నీ గులాబీ వచ్చిందా అని చూసేదాన్ని. కానీ, దొంగ అంటివి చూడు. అది తట్టుకోలేకపోతి."

నేను క్షమించమని అడగాలి. ఎవరైనా అడుగుతారు. నాకు మాత్రం అప్పుడు కూడా కడుపులోంచి వేరేదే వచ్చింది. "అయితే తీసింది ఎందుకు? నేను చేసిందని ఒక్కటి ఉండాది ఆ కతలో. అమ్మ బాగుండాదని చెప్పింది. దాన్ని తీసేసి రాయి పెట్టేదా?"

"నీ చేతులకోసరం తీసేస్తి" అంది.

అర్థం కాలేదు.

"పట్టినామె అంటే నాకు నువ్వేనక్కా. కత చెప్పేటప్పుడు కన్ను మూస్తే నువ్వు రెండు చట్రాలు ఒళ్ళో పెట్టుకొని కూచొని ఉంటావు. వేలు చీలి రక్తం వస్తా ఉంటాది. నేను చెప్తానే ఉంటాను. నా చట్రం నువ్వు నింపితివి, నేను ఇస్కూలుకి పోతి. ఇంగ కతలో కూడా నిన్నే పట్టమని నిలబెట్టేదా? నావల్ల కాలేదు. రాయి పట్టనీ, మా అక్క కూచోనీ అనుకొంటి."

దాని కళ్ళు తడిశాయి. నావి తడవలేదు. నిజం చెబుతున్నాను, ఆ మాట నన్ను కరిగించలేదు, కాల్చింది. ఇన్నాళ్ళూ దానికి నోరు ఒక్కటే ఎక్కువ అనుకున్నాను, మనసు కూడా ఎక్కువే. నేను దాన్ని దొంగ అన్నాను, అది నన్ను కూర్చోబెట్టాలనుకుంది. తూకం వేస్తే ఇక్కడ కూడా అదే మొగ్గింది.

"రాయి వద్దు" అన్నాను చివరికి. "ఆమెను మల్లా పెట్టు."

"పెడతా. కానీ ఆమె మనసులో ఏముంటాదో నాకెట్ల తెలుస్తాది? నేను ఎప్పుడూ చదివే పక్కనే ఉంటిని. నువ్వు చెప్పు."

చెప్పాను. ఎలా వచ్చిందో తెలియదు. పుస్తకం పట్టుకున్నప్పుడు ఎదుటి మనిషి ముఖం మీద పడే వెలుగు కనపడుతుంది, ఆ వెలుగు ఎక్కడినుంచి వస్తోందో కనపడదు అన్నాను. మోచేతులు పీకుతున్నా, ముగించు అనలేం, ఎందుకంటే ముగిస్తే ఇక మనం అక్కర్లేదు అన్నాను. ఒక్కోసారి చేతులు వదిలేసి పుస్తకాన్ని చదివేదాని కాళ్ళ మీద పడేయాలనిపిస్తుంది అన్నాను. వాన వచ్చాక ఊరంతా చదివిన దాని చుట్టూ గంతులేస్తుంటే, పట్టినామె తన చేతుల మీది గాట్లు వానలో కడుక్కుంటుంది, అవి మండుతాయి అన్నాను. మా చెల్లెలు ఒక్క హుక్కు కూడా కుట్టలేదు. అది అంతసేపు మాట్లాడకుండా ఉండడం నేను పుట్టాక చూడలేదు. మధ్యాహ్నం అన్నం తిని, నేను మళ్ళీ రైలెక్కాను. లోపల గుంజుతున్న బరువేదో దిగినట్టు ఒళ్ళు తేలిగ్గా ఉంది. ఆ తేలిక ఐదు రోజులుంది.

ఆరో రోజు మధ్యాహ్నం మిల్లులో కథ మళ్ళీ మొదలైంది. పక్కనామె సంబరంగా ఫోన్ మధ్యలో పెట్టింది. మా చెల్లెలు రాతిపీటను పగలగొట్టింది. పట్టినామె వచ్చింది. తమిళంలోకి తిప్పిందే తప్ప, మాటలన్నీ నావే, ఒక్కటి కూడా మార్చలేదు. కానీ దాని గొంతులో అవి వేరేగా ఉన్నాయి. నేను చాప మీద తడబడి, మింగి, మళ్ళీ మొదలుపెట్టి చెప్పిన చోట అది ఒక్క క్షణం ఆగింది, అంతే. ఆ ఆగడంలో పదిమంది ఆడవాళ్ళు ఊపిరి బిగబట్టారు. చేతుల మీది గాట్లు వానలో మండే చోటికి వచ్చేసరికి ఇద్దరు కొంగులు కళ్ళకు అద్దుకున్నారు. ఒకామె తన అరచేతులు తిప్పి చూసుకుంది. నేను నా డబ్బాలో పెరుగన్నం వైపు చూస్తూ ఉన్నాను.

కథ చివర మా చెల్లెలు మామూలు గొంతుతో ఒక మాట చెప్పింది. "ఈ పట్టినామెను నాకిచ్చింది మా అక్క. ఈ రోజు మీరు విన్న మాటలన్నీ ఆమెవి. నేను చదివాను, అంతే."

పేరు చెప్పకపోయినా చెప్పింది, పదిమంది మధ్య, వేలమంది మధ్య. నేను ఎన్నాళ్ళనుంచో అడుగుతున్నది అదే. ఇప్పుడు చెప్పాలి, ఆ అక్కను నేనేనని. తలెత్తాను.

పక్కనామె ఫోన్ కట్టేసి, ముక్కు చీది, తల అటూ ఇటూ ఊపింది. "చూశావా అక్కా, ఎంత పెద్ద మనసో! ఇంత తెలివి తనదై ఉండి, గొప్పంతా అక్కకు ఇచ్చేస్తోంది. అక్కడెక్కడో పొయ్యి దగ్గర కూర్చునే ఆ అక్కకు ఇవన్నీ చేతనవుతాయా? ఈ కాలంలో ఇట్లాంటి చెల్లెలు ఎవరికి దొరుకుతుంది? ఆ అక్క ఎవరో గానీ పెట్టి పుట్టింది."

మిగిలినవాళ్ళు అవునవునన్నారు. నా జవాబు కోసం ఆమె నా వైపే చూస్తోంది.

"అవును" అన్నాను. "పెట్టి పుట్టింది."